మూకీకి ఊ కొట్టిన ఆంటీ

ఆస్ట్రేలియాలో మా హారిసన్ పేటలో నా మాట నమ్మేవాళ్లు ఇద్దరే. ఒకరు నేను, రెండోవారు పక్కింటి ఆంటీ. పెరట్లోకొచ్చిన కంగారూ మా ఆవకాయ జాడీ వాసన చూసి తుమ్మిందంటే, "పాపం, మంచినీళ్లిచ్చావా?" అని అడిగిన మనిషి ఆవిడ.

మొదట్లో నేను కథ చెబుతుంటే ఆవిడ మర్యాదగా, చప్పుడు లేకుండా వినేవారు. విసుగొచ్చిందేమోనని నేను మధ్యలోనే ఆపేసేదాన్ని. చివరికి, "మా వైపు వినేవాళ్లు ఊ కొట్టాలి ఆంటీ. ఊ అన్నంతసేపూ చెప్పేవాళ్లు ఆపకూడదు" అని నేర్పాను. నేర్చుకున్నారు.

ఆంటీ అమ్మమ్మ నార్వేలో మూకీల కాలపు నటి. ఇప్పుడు ఎవరికీ ఆమె పేరైనా తెలియదు. ఆమె వేసిన సినిమాల్లో మిగిలిన ఒక్కటి ఈమధ్యే ఇంటర్నెట్‌లో దొరికింది. కానీ అప్పటికే ఆంటీకి చూపు పోయింది.

"నువ్వు చూసి చెప్పు. అమ్మమ్మ ఏం చేస్తోందో నాకు తెలియాలి" అన్నారు.

మా అమ్మాయి లాప్‌టాప్ తెస్తూ నా చెవిలో, "అమ్మా, ప్లీజ్, నో స్టోరీస్ దిస్ టైమ్. షీ కాంట్ చెక్" అంది.

నిజమే చెబుదామనుకున్నాను. సినిమా చాలాసేపు నడిచాక గానీ, ఆంటీ హాల్లో ఫొటోలో ఉన్న ముఖం కనబడలేదు.

"వచ్చింది ఆంటీ! పనిమనిషి వేషం. ట్రేలో కాఫీ తెచ్చి బల్ల మీద పెట్టింది. ఖాళీ ట్రేతో తలుపు దాకా వెళ్లి, వెనక్కి తిరిగి ఒక్క చూపు చూసింది. వెళ్లిపోయింది."

"ఊ."

మిగతాదంతా చూశాం. ఆమె మళ్లీ రాలేదు.

"అయిపోయింది ఆంటీ."

"ఊ."

"ఇంకేం లేదు. నిజంగా."

"కాఫీ పెట్టి వెళ్తుందని మా అమ్మ ఎప్పుడో చెప్పింది" అని నవ్వారు ఆంటీ. "తలుపు అవతల ఏం చేసిందో ఎవరూ చెప్పలేదు. ఊ!"

నేను మా అమ్మాయి వైపు చూశాను. అది లాప్‌టాప్ మూసి, "వెల్, యూ టాట్ హర్. నేర్పింది నువ్వేగా" అంది.

నేను గొంతు సవరించుకున్నాను. "తలుపు అవతల మోకాలి లోతు మంచు. మీ అమ్మమ్మ ఆ ట్రే మీదే కూర్చుని కొండవాలున జర్రున జారి, తిన్నగా రేవులో తేలింది. అక్కడ ఆస్ట్రేలియా ఓడ కదలబోతోంది..."

రెండు 'ఊ'లు వినిపించాయి. ఒకటి మా అమ్మాయిది.