కొసరుగా పోయిన చీర

మా కోడలు టీవీ నటి. ఈ మాట ఎవరూ అడగకముందే చెప్పేస్తాను. రేషన్ షాపు లైన్లో చెప్పాను, కారేపల్లి స్టేషన్లో బెంచీ మీద పక్కన కూర్చున్న ఎవరెవరికో చెప్పాను, దవాఖానాలో చీటీ రాసే అమ్మాయికి కూడా చెప్పాను. ఆ అమ్మాయి చీటీ రాయడం ఆపి, ఏ సీరియల్ అని అడిగింది. చెప్పుకోదగ్గది ఇంట్లో ఉన్నప్పుడు నోరు కట్టుకుని కూర్చోవడం నాకు చేతకాదు.

నేను చదివింది నాలుగో తరగతి. నా అక్షరాలు చూడ్డానికి బాగుండవు కానీ తప్పులు తక్కువ. అందుకే ఇది నేనే రాస్తున్నాను.

మా కోడలిది దుమ్ముగూడెం. గోదావరి ఒడ్డు పిల్ల. బడిలో ఉన్నప్పుడు ప్రతి సంవత్సరం నాటకంలో వేషం వేసేదట. మా ఇంటికి వచ్చాక పదేళ్లు ఆ ఊసే లేదు. పిల్లలిద్దరూ బడికి పోవడం మొదలయ్యాక, ఖమ్మంలో నాటకాల వాళ్లు రమ్మంటున్నారని ఒకరోజు నా ముందు నిలబడి చెప్పింది. నేను వద్దనలేదు, సరే అని కూడా అనలేదు. మిరపకాయ కోతలు అయ్యాక పొమ్మన్నాను. కోతలు అయిపోయిన మర్నాడే పోయింది.

ఖమ్మం నాటకాల నుంచి హైదరాబాద్ సీరియళ్లకు పోయింది. మొదటిసారి టీవీలో నర్సుగా కనిపించింది. "డాక్టర్‌గారు పిలుస్తున్నారు" అన్న ఒక్క మాటే. తర్వాత పక్కింటి ఆవిడ, జైల్లో పోలీసమ్మ, పెళ్లిలో పళ్లెం పట్టుకుని నిలబడే మనిషి. ఒక సీరియల్లో ఆమె వీపు మాత్రమే చూపించారు. జడ వేసిన తీరు చూసి నేను గుర్తుపట్టాను. మా అబ్బాయి గుర్తుపట్టలేదు.

నాకు నచ్చింది ఆమె పద్ధతి. చిన్న ఆర్టిస్టులకు కంపెనీ చీరలు ఇవ్వదు, ఎవరివి వాళ్లే తెచ్చుకోవాలి. ఈ పిల్ల ఒక్క కొత్త చీర కొనలేదు. నా పెట్టెలోవి, వాళ్ల అమ్మవి, వీధిలో వాళ్లవి అడిగి పట్టుకుపోయేది. ఒకే చీరను మూడు రకాలుగా కట్టి మూడు సీరియళ్లలో ముగ్గురు మనుషులుగా కనిపించింది. తెచ్చినవాటిని ఉతికి, మడతపెట్టి ఎవరివి వాళ్లకు ఇచ్చి వచ్చేది. సినిమా టీవీ వాళ్లంటే దుబారా అనుకునే వాళ్లకు నేను ఈ సంగతే చెబుతాను.

పోయిన ఏడాది ఆమెకు పెద్ద వేషం వచ్చింది. హీరోయిన్‌కు కన్నతల్లి, కూలి చేసుకుని బతికే మనిషి. కథలో ఆ హీరోయిన్‌కు దెబ్బలు తగిలి దవాఖానాలో పడుతుంది, తల్లి పరుగెత్తుకుంటూ వస్తుంది. ఆ దవాఖానా సీన్ డైరెక్టర్‌కు నచ్చితే తల్లిని కథలో ఉంచుతారు, లేకపోతే అక్కడితో సరి. మా కోడలు నాకు ముందే చెప్పింది.

"ఆ సీన్ నిలబడితే నేను నిలబడ్త అత్తమ్మా. లేకుంటే మళ్ల పళ్లెం పట్టుకునుడే."

తల్లి దవాఖానా లోపలికి పోయేంతవరకు తీశారు. అంతలో ఆ హీరోయిన్‌కు జ్వరం వచ్చి షూటింగ్ ఆగింది. మిగతాది వచ్చే వారం అన్నారు. కోడలు ఇంటికి వచ్చి, సామాను పెట్టి, వాళ్ల అమ్మకు ఒంట్లో బాగాలేదంటే దుమ్ముగూడెం పోయింది.

ఆమె లేనప్పుడు నేను ఇల్లు దులిపాను. మంచం కింద ఒక కవరు దొరికింది. విప్పి చూస్తే నీలం నూలు చీర. అంచు చిరిగి ఉంది, కుచ్చిళ్ల దగ్గర మసి, కొంగు నిండా గోధుమరంగు మరకలు. నాకు ఒళ్లు మండింది. టీవీలో కనిపించే మనిషి మంచం కింద ఇలాంటి గుడ్డ ఉంటే, ఎవరైనా చూస్తే ఇంటి మర్యాద ఏం కాను? సరిగ్గా అప్పుడే వీధిలో పాత బట్టలకు స్టీలు గిన్నెలిచ్చే ఆమె కేక వేసింది.

మా అబ్బాయి పాత ప్యాంట్లు రెండు తెచ్చి ఆమె ముందు వేసి, పెద్ద బేసిన్ అడిగాను.

"రెండు ప్యాంట్లకు బేసినా? నన్ను అడుక్కతినమంటవా ఏంది పెద్దమ్మా?"

"అందుకే గదా, ఇగో, చీర గూడ ఏస్తున్న."

ఆమె చీరను రెండు వేళ్లతో ఎత్తి చూసింది. "దీనికి చెంచా గూడ రాదు."

"చెంచా ఎవరడిగిన్రు? కొసరు అనుకో. బేసిన్ ఇటియ్యి."

ఇచ్చింది. మంచి బరువైన బేసిన్.

సాయంత్రం కోడలు దుమ్ముగూడెం నుంచి దిగింది. కాళ్లు కడుక్కుని లోపలికి పోయి, మంచం కిందికి వంగి చూసి బయటికి వచ్చింది.

"అత్తమ్మా, మంచం కింద కవరు ఏది? నీలం చీర ఉంటది దాంట్ల."

"అదా? ఇగో," అని బేసిన్ చూపించాను.

ఆమె బేసిన్‌లోకి తొంగి చూసింది. "దీంట్ల లేదు గదా?"

"దాంట్ల కాదే పిల్లా. అదే ఇది."

ఆమె గడప మీద కూలబడింది. అప్పుడు నాకు తెలిసింది. కొత్తగా కనిపించకూడదని ఆ చీరకు టీ డికాషన్ పూసి, మసి రుద్ది, అంచు చింపింది వాళ్ల కాస్ట్యూమ్ వాళ్లే. సగం సీన్ ఆ చీరతో తీశారు కాబట్టి మిగతా సగం కూడా అదే చీరతో, అవే మరకలతో తీయాలి. దానికి కంటిన్యూటీ అని పేరు. ఉతకకూడదనే ఆమె కవరులో కట్టి పెట్టింది. నాకు చెప్పమని మా అబ్బాయికి చెప్పింది. వాడు నాకు చెప్పలేదు.

కోడలు మేనేజర్‌కు ఫోన్ చేసింది. స్పీకర్ పెట్టమన్నాను.

"హాస్పిటల్లోకి ఒక చీరతో వెళ్లి ఇంకో చీరతో బయటికొస్తే జనం నవ్వుతారమ్మా," అన్నాడతను. "మొదటి సగం మళ్లీ తీయాల్సిందే. ఎలాగూ మళ్లీ తీసేదైతే వేరే ఆర్టిస్టుని పెడదామంటారు డైరెక్టర్‌గారు. నా చేతుల్లో ఏం లేదు. ఎల్లుండి పొద్దున ఆ చీరతో రండి."

ఫోన్ పెట్టేసి ఆమె నన్ను ఒక్క మాట అనలేదు. ఒకటి అంటే నేను నాలుగు అనేదాన్ని, అక్కడితో తేలిపోయేది. ఏమీ అనకుండా పోయి బియ్యం కడగడం మొదలుపెట్టింది.

మర్నాడు తెల్లవారగానే మా అబ్బాయి బండి మీద వెనక కూర్చుని కారేపల్లి పోయాను. గిన్నెలామె ఉండేది అక్కడే. స్టేషన్ పక్కన గంప సర్దుకుంటోంది. బేసిన్ ఆమె ముందు పెట్టాను.

"నీ బేసిన్ నువ్వు తీసుకో. నా చీర నాకియ్యి."

"ఏ చీర? ఆ కొసరుదా? ఏడున్నది పెద్దమ్మా, నిన్ననే ఇచ్చేసిన. అడివి దిక్కు ఊర్ల ఒక బాలింత బొంతకు నూలు గుడ్డ కావాలన్నది. ఉట్టిగనే ఇచ్చిన."

ఊరు, ఇల్లు ఆనవాళ్లు చెప్పింది. ఇంత బరువు మళ్లీ మోసుకు తిరగలేనని బేసిన్ నా చేతికే ఇచ్చింది.

టేకు చెట్ల మధ్య నుంచి మట్టి రోడ్డు మీద పోయాం. ఊరి చివర తడక మీద ఆ చీర ఆరేసి ఉంది. శుభ్రంగా ఉతికి! మరక లేదు, మసి లేదు. జీవితంలో మొదటిసారి ఉతికిన బట్టను చూసి నా గుండె జారింది.

బాలింత చంటిపాపను భుజాన వేసుకుని బయటికి వచ్చింది. వెనక ఆమె అత్త గడపలో కూర్చుని బుట్ట అల్లుతోంది. నేను సంగతంతా చెప్పాను.

"ఆ సీరియల్ నేను గూడ చూస్త అవ్వా. దెబ్బలు తగిలి దవాఖానల పడ్డది, ఆ బిడ్డ తల్లి నీ కోడలా?"

"అవ్."

"ఆ బిడ్డ బతుకుతదా?"

"నువ్వు చీర ఇస్తే బతుకుతదేమో."

ఆమె నవ్వి, వాళ్ల భాషలో అత్తకు చెప్పింది. ఆమె కూడా నవ్వింది. నవ్వినా చీర మాత్రం తడక మీద నుంచి తీయలేదు.

"మరి నా పాప బొంతకేంది?"

"కొత్త చీర తెచ్చిస్త."

"కొత్తది గరుకుంటది. పాతదే కావాలె." అంటూనే నా కొంగు పట్టుకుని వేళ్ల మధ్య రుద్ది చూసింది. "గిట్లాంటిది. ఇది మస్తు మెత్తగుంది."

మెత్తగా ఉండక ఏం చేస్తుంది? నేను చీర కొంటే అది పోగులు విడిపోయేవరకు కడతాను. ఆ చీర అంత మెత్తబడడానికి ఎన్నేళ్లు పట్టిందో నాకు తెలుసు. లోపలికి పోయాను. బయటికి వచ్చేటప్పుడు నా ఒంటి మీద ఆమె ఇచ్చిన పూల నైలాన్ చీర ఉంది, నా చీర ఆమె చేతిలో ఉంది, నీలం చీర నా చేతిలో ఉంది.

మా అబ్బాయి నన్ను చూసి నోరు తెరిచాడు. "అమ్మా, నువ్వేనా?"

"చూసింది చాలు. జల్దీ బండి తియ్యి."

ఇంటికి వచ్చేసరికి కోడలు బ్యాగు సర్దుకుని కూర్చుని ఉంది. చీర చూసి లేచింది, మరకలు పోయాయని చూసి మళ్లీ కూర్చుంది.

"పోయినయి గదా అత్తమ్మా."

"పోతే మళ్ల చేద్దాం. ఫోటో ఉందా?"

ఉంది. సీన్ తీసిన రోజు అసిస్టెంట్ పిల్ల ముందు నుంచి, వెనక నుంచి ఫోటోలు తీసి పంపిందట. ఫోన్ పీట మీద ఆనించి పెట్టుకున్నాం. కోడలు టీ పొడి డబ్బా అందుకుంది.

"ఆగు. పొద్దటి పిప్పి ఉన్నది, అదే మరగబెట్టు."

పిప్పి కాచి వడపోసి కొంగుకు పూసింది. కుండ అడుగు మసి గీకి నేను కుచ్చిళ్లకు రుద్దాను. పెళ్లయిన నాటి నుంచి మరకలు వదలగొట్టిన చేతులతో మరకలు పెట్టడం నాకు వింతగా ఉంది.

"ఎక్కువైంది," అంది కోడలు.

"ఆరనీ, తగ్గుతది."

తగ్గింది. ఆమె ఫోటో చూడడం, చీర చూడడం, వేలు తడిపి ఒక చోట చుక్క పెట్టడం, మళ్లీ ఫోటో చూడడం. ఖమ్మం మార్కెట్లో మిరపకాయ రంగు చూసే వాళ్లు కూడా అంత నిదానంగా చూడరు. చివరికి చీర కట్టుకుని వాకిట్లోకి నడిచింది. నేను ఆమె నటన ఎదురుగా ఎప్పుడూ చూడలేదు. రెండడుగులు వేసేసరికి భుజాలు వాలాయి. మెట్టు మీద కూర్చుని, కొంగు ఒళ్లో వేసుకుని, ఎటూ కాకుండా చూసింది. నా ఎదుట ఎవరో దూరం నుంచి వచ్చిన మనిషి ఉంది. తిన్నావా అమ్మా అని అడగబోయాను.

"ఎట్లున్నది అత్తమ్మా?" అని ఆమె మామూలు గొంతుతో అడిగాక నాకు తెలివొచ్చింది.

"చీర సరిపోయింది," అన్నాను.

ఆ సాయంత్రమే ఆమెను రైలెక్కించాం. మర్నాడు ఫోన్ చేసింది.

"అసిస్టెంట్ పిల్ల ఫోటో పెట్టుకుని చూసింది. ఓకే అన్నది."

"సీన్ ఎట్ల చేసినవ్?"

"టీవీల చూడు."

ఆ ఎపిసోడ్ రోజు మా వీధి ఆడవాళ్లందరూ మా ఇంట్లోనే కూర్చున్నారు. దవాఖానా తలుపు తెరుచుకుని ఆమె బయటికి వచ్చింది. బిడ్డ బతుకుతుందో లేదో డాక్టర్ చెప్పలేదు. సీరియల్ తల్లులు ఇలాంటప్పుడు గుండెలు బాదుకుంటారు. మా కోడలు ఏడవలేదు. గోడ పట్టుకుని కిందికి జారి, చేతిలో చెప్పులు ఉన్నాయని అప్పుడే చూసుకుని, వాటిని జాగ్రత్తగా పక్కన జతగా పెట్టింది. మా పక్కింటామె ముక్కు చీదింది.

బొమ్మ అయిపోయి ప్రకటనలు వచ్చాక పక్కింటామె కళ్లు తుడుచుకుంటూ నా వైపు తిరిగింది.

"అగో, గంత ఏడిపించింది గదా. ఇంక నీ కోడలును సీరియల్ నుంచి తీసేస్తరా వదినా?"

"ఎందుకు తీసేస్తరు? పొద్దున్నే ఫోన్ వచ్చింది. వచ్చే ఆరు నెలలకు డేట్లు తీసుకున్నరు."

డేట్లు అనే మాట నేను ఆ పొద్దునే నేర్చుకున్నాను. ఇప్పటికీ అవసరం ఉన్నా లేకపోయినా వాడుతుంటాను.