నురగ నానేంతసేపు

వీధి వీధంతా అతన్ని సెలూను మామ అంటుంది. ఒకప్పుడు ఒట్టి వాగుడుకాయ. గడ్డానికి నురగ పట్టించాక వెంట్రుక మెత్తబడేదాకా ఆగాలి కదా, ఆ కాస్త వ్యవధే అతని రాజ్యం. కత్తి గొంతు మీదికొచ్చాక ఎవడూ నోరు మెదపడు. కాబట్టి లోకం సంగతులన్నీ నురగ నానేలోపే తేలిపోవాలి.

ఇప్పుడు కుర్చీ ఎక్కినవాళ్ళు ఎక్కినట్టే ఫోన్లలోకి తలలు వేలాడేస్తున్నారు. "తల పైకి, బాబూ" అనడం తప్ప మామకు మాటే మిగల్లేదు. భార్య పోయాక ఇంట్లో ఆ మాత్రమూ లేదు. విసుగులోంచి గొప్ప ఆలోచనలు పుడతాయని చెప్పేవాళ్ళు ఖాళీ సెలూనులో ఒక్క మధ్యాహ్నం కూర్చుని చూడాలి. పుట్టేది ఆవలింత. చివరికి మామ కూడా ఒక ఫోను కొని, అద్దం కింద అరలో పౌడరు డబ్బాకు ఆనించి పెట్టాడు. అందులో ఎవరో కుక్కకు స్నానం చేయిస్తారు, ఇంకెవరో గోడ కూలగొడతారు. విసుగు పోలేదు. దానికి బొమ్మలొచ్చాయి, అంతే.

ఇంకా మాట్లాడేవారు ఒక్కరే మిగిలారు, రిటైరైన రైలు గార్డు. ఆ ఆదివారం ఆయన నురగలోంచి ఏదో చెబుతున్నారు. ఫోనులో ఒకడు అగ్గిపుల్లలతో ఓడ కడుతున్నాడు. మామ "ఊఁ" అన్నాడు. కాసేపాగి, "బాగుంది, బాగుంది" అన్నాడు.

కత్తి తీసుకుని, చర్మం బిగబట్టడానికి దవడ కింద వేలు ఆనించాడు. వేలు అక్కడే ఆగిపోయింది.

"ఇదేంటి గార్డుగారూ, ఇక్కడ గట్టిగా గడ్డలా తగులుతోంది?"

"ఇప్పుడేగా చెప్పాను. రేపు కోసి తీస్తారట. బాగుందన్నావుగా!"

మామకు చెవులు వేడెక్కాయి. "మళ్ళీ చెప్పండి."

"మెడ మీద కత్తి పెట్టి చెప్పమంటే ఏం చెప్పేదిరా? ముందు పని కానియ్యి."

పని అయింది. మామ ఫోనును బోర్లా పడేశాడు. లేవబోతున్న గార్డుగారిని భుజం నొక్కి కూర్చోబెట్టి, నున్నటి బుగ్గల మీద మళ్ళీ నురగ పట్టించాడు.

"ఇంకా ఏం మిగిలిందిరా గీకడానికి?"

"ఏమీ లేదు. నాననీండి."

గార్డుగారు కళ్ళు మూసుకున్నారు. మామ చేతులు కట్టుకుని పక్కన నిలబడ్డాడు. పైన ఫ్యాను కిర్రుమంటోంది. చెవుల దగ్గర నురగ ఎండి పొరలు కడుతోంది. ఆయన నోరు విప్పలేదు.

మామ బ్రష్షు మళ్ళీ తడిపాడు.