వినేవారి కుర్చీ

ఎనిమిదేళ్ళ క్రితం ఆగస్టు నెలలో ఒక మంగళవారం, సాయంత్రం నాలుగు గంటల పది నిమిషాలకు, సింగపూర్‌లో పాయా లేబర్‌లోని మా ఆఫీసుకు కొరియర్ మనిషి ఒక అట్టపెట్టె తెచ్చి నా బల్ల మీద పెట్టాడు. సంతకం చేసి తీసుకున్నాను. లోపల ఒక హార్డ్ డ్రైవ్, మరాఠీలో అచ్చయిన సంభాషణల కాగితాలు ఉన్నాయి. ఆ ఆదివారం మధ్యాహ్నం మూడు గంటలకు ఒక చిన్న చలనచిత్రోత్సవంలో ఆ సినిమా వేస్తారు. దానికి ఇంగ్లిషు సబ్‌టైటిళ్ళు తయారుచేసి, ప్రదర్శన రోజున వాటిని నడపడం నా పని. అప్పటికి నేను సీనియర్ సబ్‌టైటిల్ ఎడిటర్‌ని. రిటైర్మెంటుకు రెండేళ్ళుంది.

నడపడం అంటే ఏమిటో చెప్పాలి. ఉత్సవాలకు వచ్చే చిన్న సినిమాల్లో అప్పట్లో సబ్‌టైటిళ్ళు కలిసి ఉండేవి కావు. తెర కింద సన్నని నల్ల పలక కట్టి, దాని మీద అక్షరాలు విడిగా వేసేవాళ్ళం. ప్రొజెక్షన్ గదిలో ఆపరేటరు ల్యాప్‌టాప్ ముందు కూర్చుంటాడు. పాత్ర నోరు విప్పగానే మీట నొక్కితే వాక్యం పడుతుంది. మాట ఆగిన చోట మళ్ళీ నొక్కితే పలక ఖాళీ అవుతుంది. గంటా యాభై నిమిషాల సినిమాకు వెయ్యికి పైగా వాక్యాలు, అన్నీ చేత్తోనే. వాక్యానికి రెండు వరుసలు, వరుసకు నలభై అక్షరాలు దాటకూడదు.

ఆపరేటరుకు ఆ భాష రాకపోతే వచ్చినవాళ్ళు పక్కన కూర్చుని, విని, ఎప్పుడు నొక్కాలో చేతి మీద తట్టి చెప్పాలి. వాళ్ళను మేము వినేవారు అనేవాళ్ళం. వాళ్ళు కంపెనీ ఉద్యోగులు కారు. పని ఉన్నప్పుడు పిలుస్తారు. ప్రదర్శన చెడితే మళ్ళీ పిలవరు. ఇది ఎక్కడా రాసి లేదు గాని అందరికీ తెలుసు.

మరాఠీకి మా కంపెనీ పిలిచే మనిషి నా భార్య ఇందుమతి.

ఆమెది షోలాపూర్‌లో స్థిరపడిన తెలుగు నేతవారి కుటుంబం. ఇంట్లో తెలుగు, వీధిలోనూ బడిలోనూ మరాఠీ. నాది కాకినాడ. పెళ్ళయ్యాక సింగపూర్ వచ్చి, బెడోక్‌లో ఫ్లాట్ తీసుకున్నాం. ఇక్కడ ఆమెతో మరాఠీ మాట్లాడేవాళ్ళు లేరు. నేను నేర్చుకోలేదు. ముప్ఫై ఏళ్ళకు పైగా ఒకే ఇంట్లో ఉండి నేర్చుకోవాలని ఎప్పుడూ అనుకోలేదు. ఏడాదికి ఒకటో రెండో మరాఠీ సినిమాలు వచ్చేవి. ఆ పిలుపు కోసం ఆమె ఎదురుచూసేది. "ఆ రెండు గంటలు నేను మా గల్లీల ఉన్నట్టు ఉంటది," అని ఒకసారి అంది. ఆ కుర్చీ పోతుందేమో అన్న భయం ఆమెకు ఎంత ఉందో నాకు తరవాత గాని తెలియలేదు.

సినిమా ఇలా నడుస్తుంది. ఒక చిన్న ఊళ్ళో పిండిమర నడుపుకునే వృద్ధ దంపతులు. ముసలాయన ఒక స్నేహితుడి అప్పుకు హామీ సంతకం పెట్టాడు. ఆ స్నేహితుడు చనిపోయాడు. పరపతి సంఘం నోటీసులు ఈయనకు వస్తున్నాయి. ముసలామెకు చదువు రాదు. వచ్చిన ప్రతి కాగితాన్నీ కరెంటు బిల్లని చెప్పి ఆయన జొన్నల డబ్బాలో దాస్తాడు. సినిమా చివర ఒక సాయంత్రం, ఇక దాచలేక, వంటింట్లో కూర్చుని అంతా చెబుతాడు. ఆమె రొట్టె చేస్తూ మొత్తం విని, తనకు ఏడాది నుంచి తెలుసంటుంది. మొదటి నోటీసే పోస్ట్‌మాన్ చేత చదివించుకుంది. అప్పటినుంచి నెలకో ఇత్తడి గిన్నె అమ్మి, తనకు చేతనైనంత తానే కడుతోంది. కథంతా ఈ ఒక్క మాట మీద నిలబడింది.

బుధవారం నుంచి శనివారం దాకా మా భోజనాల బల్ల మీద పని చేశాం. ఆమె తెలుగులో చెబుతుంటే నేను ఇంగ్లిషులో కుదించి రాసేవాణ్ణి. కుదించడం దగ్గరే మాకు ఎప్పుడూ తగాదా.

"ఆమె గంత మాట్లాడితే మీరు గింతే రాస్తరా?"

"చదవడానికి నాలుగు సెకన్లే ఉంటుంది, ఇందూ."

"ముసలిది ఏడాదంత ఆగి మాట్లాడుతున్నది. ఇంకో సెకను ఇయ్యరాదు?"

ఇవ్వడానికి వీలుకాలేదు. రెండు వరుసలకే కుదించాను.

ఈసారి ఆమె పద్ధతిలో కొన్ని మార్పులు కనిపించాయి. ఇదివరకు కాగితాలు పక్కన పడేసి, చెవులకు హెడ్‌ఫోన్ పెట్టుకుని విని చెప్పేది. కాగితాల్లో తప్పులుంటాయనేది. ఇప్పుడు కాగితాలు చూసే చెప్పింది. సినిమా మూడుసార్లు చూస్తే చాలని ఇదివరకు అనేది. ఇప్పుడు పదిసార్లకు పైగా చూసింది. ఒక నోటుపుస్తకంలో ఏ వాక్యం దగ్గర తెర మీద ఏముందో రాసుకుంది: ముసలాయన చుట్ట ఆర్పగానే, ముసలామె కొంగు దోపుకోగానే, ఆయన పెదవి కదలగానే.

"వినడానికి ఇంత రాత దేనికి? పరీక్షకు చదువుతున్నావా?" అని ఆటపట్టించాను.

"మీరు మీ అక్షరాలు లెక్కబెట్టుకోండ్రి," అంది.

సొంత భాష మీద మురిపెం అనుకున్నాను.

ఆదివారం రెండున్నరకు ప్రొజెక్షన్ గదికి చేరాం. మూడింటికి ఐదు నిమిషాలుండగా, అక్కడ ప్రొజెక్టర్ నడిపే లిమ్ నా చేతిలో మరో డ్రైవ్ పెట్టాడు. "అంకుల్, న్యూ కాపీ లా. డైరెక్టర్ లాస్ట్ మినిట్ చేంజ్," అన్నాడు తన సింగపూర్ ఇంగ్లిషులో. దర్శకుడి చీటీ చూశాను. సంభాషణలు అవే. చివరి వంటింటి సన్నివేశం ఒక్కటి వేరే విధంగా తీసింది పెట్టారు.

మార్పు జరిగిన కాపీని ప్రదర్శనకు ముందు ఒకసారి చూసే హక్కు వినేవారికి ఉంది. మా నియమాల్లో అది స్పష్టంగానే రాసి ఉంది. దానికోసం ప్రదర్శన పది, పదిహేను నిమిషాలు ఆలస్యం చేయించే అధికారం సీనియర్ ఎడిటర్‌కు, అంటే నాకు, ఉంది.

ఇందుమతి అడిగింది. "ఆ ఒక్క ముక్క చూపించండ్రి. ఏడు నిమిషాలే కదా."

"మాటలు మారలేదు. విని తట్టడానికి మళ్ళీ చూడడం ఎందుకు?"

"ఒక్కసారి."

"హాలు నిండిపోయింది. ఇప్పుడు ఆపితే బాగుండదు."

ఆమె కుర్చీలు మాత్రం మార్చమంది. గోడకున్న చిన్న స్పీకరు తన కుడివైపు ఉండాలంది. మార్చాను. కారణం అడగలేదు.

మా పద్ధతి ఇది. ఆమె చెయ్యి నా ముంజేతి మీద ఉంటుంది. ఒకసారి తడితే తరవాతి వాక్యం, రెండుసార్లు తడితే ఖాళీ. నేను తెరవైపు చూడను, తెలియని భాష కనుక చూస్తే తడబడతాను. గంటన్నర పాటు ఒక్క వాక్యం కూడా తప్పలేదు. లిమ్ వెనకనుంచి బొటనవేలు ఎత్తి చూపించాడు.

వంటింటి సన్నివేశం వచ్చింది. పాత కాపీలో ముసలాయన ముఖం, ముసలామె ముఖం ఒకదాని తరవాత ఒకటి కనిపించేవి. కొత్తది ఎలా ఉందోనని ఒక్కసారి తలెత్తి చూశాను, కెమెరా గుమ్మం దగ్గరే ఆగింది. చీకటి గది, ఇద్దరి వీపులు, పొయ్యి వెలుగు. అంతే. స్పీకరులో ముసలాయన గొంతు నాకు వినిపిస్తోంది. ముంజేతి మీద చెయ్యి కదల్లేదు. ఒక మాట, రెండో మాట, మూడో మాట వెళ్ళిపోయాయి. నల్ల పలక ఖాళీగా ఉంది. హాల్లో కదలిక మొదలైంది.

నేను మోచేత్తో పొడిచాను. ఆమె ఉలిక్కిపడి గబగబా తట్టింది. నాలుగు, ఐదు, ఆరు, ఆ తరవాత లెక్క తప్పింది. అన్నిసార్లూ నొక్కాను. "నాకు ఏడాది నుంచి తెలుసు" అన్న వాక్యం పలక మీద పడేసరికి, తెర మీద ముసలాయన తన మాట సగం కూడా చెప్పలేదు. హాలు నవ్వింది. ముందు వరుసలోంచి ఎవరో మరాఠీలో గట్టిగా ఏదో అన్నారు.

"తీసెయ్ చెయ్యి," అన్నాను.

తీసి ఒళ్ళో పెట్టుకుంది. మిగతా వాక్యాలు నేను ఊహ మీద వేశాను. వాటిలో ఎన్ని సరిగ్గా పడ్డాయో తెలియదు.

లైట్లు వేశాక ఉత్సవంలో వాలంటీరుగా ఉన్న హారిక వచ్చింది. వరంగల్ అమ్మాయి, ఇక్కడ పరిశోధన చేస్తోంది. "అంకుల్, లాస్ట్ సీన్‌లో ఏమైంది? లైన్స్ అన్నీ ముందే వచ్చేసినయ్. ఫీడ్‌బ్యాక్ ఫామ్స్‌లో అందరూ అదే రాస్తున్నరు."

నేను నోరు తెరిచేలోపు ఇందుమతి అంది, "నాదే తప్పు బిడ్డా. కునుకు పట్టింది."

"అయ్యో ఆంటీ, పర్లేదు. లంచ్ తర్వాత ఎవరికైనా వస్తది," అంది హారిక. కాని ముఖం చిన్నబోయింది.

దర్శకుడు కూడా పైకి వచ్చాడు. అరవై దాటిన మనిషి, ముఖం నిండా గడ్డం. నాతో చెయ్యి కలిపి, ఇందుమతి వైపు తిరిగి మరాఠీలో ఏదో అడిగాడు. ఆమె నవ్వి తలూపింది. ఆయన ఇంకోసారి అడిగాడు. మళ్ళీ తలూపింది. ఆయన కాసేపు చూసి, నమస్కారం పెట్టి వెళ్ళిపోయాడు.

ప్రదర్శన చెడినప్పుడు లోపాల పత్రం నింపాలి. సమయం, వాక్యం సంఖ్య, కారణం, బాధ్యులు. కారణం దగ్గర "వినేవారు నిద్రపోయారు" అని రాసి సంతకం చేశాను. ఆమె చెప్పిందే రాశాను గనుక తప్పు రాశానని అనుకోలేదు. మోచేత్తో పొడిచినప్పుడు ఆమె కళ్ళు తెరిచే ఉన్నాయి. అది నేను చూశాను. అయినా రాశాను.

నవంబరులో జ్వరం వస్తే పాలీక్లినిక్‌కు తీసుకెళ్ళాను. నర్సు పేరు పిలిస్తే ఆమె లేవలేదు. రెండోసారి పిలిచినా లేవలేదు. డాక్టరు చెవుల పరీక్షకు రాశారు. ఎడమ చెవి పూర్తిగా పోయింది, కుడి చెవి సగానికి పైగా పోయింది. ఇది నెలల్లో వచ్చినది కాదు, కొన్నేళ్ళయి ఉంటుందన్నారు. ఇంట్లో ఆమె నా పెదవులు చూసి మాటలు పోల్చుకుంటోందని అప్పుడు తెలిసింది. ఆ సినిమాను చెవులతో కాకుండా కళ్ళతో కంఠస్థం చేసిందని కూడా.

తిరిగి వచ్చేటప్పుడు అడిగాను. రైల్లో ఎదురెదురుగా కూర్చున్నాం.

"ఎందుకు చెప్పలేదు?"

"చెప్తే ఆ కుర్చీల కూసోనిస్తుంటిరా?"

కూర్చోనిచ్చేవాణ్ణి కాను. అది ఆమెకు తెలుసు. ఆ రోజు దర్శకుడు ఏమడిగాడని అడిగాను.

"నాకేం తెలుసు? గడ్డం అడ్డం వచ్చింది, పెదవులు కనపడలే," అంది. నవ్వుదామనుకుంది గాని నవ్వలేదు.

లోపాల పత్రాన్ని సరిచేయడానికి నెల రోజుల గడువు ఉంటుంది. అది దాటిపోయింది. అయినా మా మేనేజరుతో మాట్లాడతానన్నాను. తప్పు నాదని, కాపీ చూపించకపోవడం వల్ల జరిగిందని రాయిస్తానన్నాను. ఇందుమతి వద్దంది. "నిద్ర అన్నదే ఉండనీయండ్రి. నిద్రపోయినామెను ఎప్పుడన్న మళ్ళ పిలుస్తరు. చెవులు లేనామెను ఎవరు పిలుస్తరు?"

మరుసటి ఏడాది వచ్చిన మరాఠీ సినిమాకు సింగపూర్‌లోనే యీషున్ అనే పేట నుంచి ఒక విద్యార్థిని పిలిచారు. ఆ పిలుపు ఉత్తరం మీద సంతకం నాదే, నా ఉద్యోగంలో భాగం. ఆ సాయంత్రం ఇంట్లో ఆ మాట చెప్పాను. ఏ సినిమా అని అడిగింది. పేరు చెప్పాను. కథ ఏమిటని అడిగింది. తెలిసినంత చెప్పాను. ఆ తరవాత ఎప్పుడూ అడగలేదు. వినికిడి యంత్రం కొన్నాం. ఒక్క చెవికి కొంత పనిచేసింది. మూడేళ్ళ క్రితం ఆమె గుండె జబ్బుతో పోయింది.

ఈ వృత్తిలోకి వచ్చేవాళ్ళకు ఆ ఆదివారం నుంచి నేను చెప్పగలిగింది కొద్దిగానే ఉంది. పక్కన కూర్చున్న మనిషి మారిన కాపీ చూడాలంటే చూపించాలి. ఎందుకని అడగనక్కరలేదు, హాలు వేచి ఉంటుంది. ఎవరైనా తప్పు తమదేనని తొందరగా ఒప్పుకుంటే, ఆ మాటను పత్రంలోకి ఎక్కించే ముందు మనం ఏం చూశామో గుర్తుచేసుకోవాలి. నేను ఈ రెండూ చేయలేదు.

ఇప్పుడు సినిమాలు సబ్‌టైటిళ్ళతో సహా ఒకే ఫైలుగా వస్తున్నాయి. ప్రొజెక్షన్ గదిలో రెండో కుర్చీ వేయడం లేదు. వినేవారిని ఎవరూ పిలవడం లేదు.