జర్మనీ మేష్టారు ఆడించని నాటకం

పోయిన మంగళవారం మధ్యాహ్నం మా హైస్కూలు స్టాఫ్ రూములో క్యారియరు విప్పుతుండగా ఫోను మోగింది. మేష్టారు అద్దెకున్న ఇంటావిడ చేశారు. "మీ జర్మనీ మేష్టారు పొద్దున్న లేవలేదండీ" అన్నారు. లేవకపోవడమేమిటండీ, ఆయన నాలుగున్నరకే లేస్తారు కదా అని అడిగాను. అంతకన్నా మూర్ఖపు ప్రశ్న నా జన్మలో వేసి ఉండను. ఆవిడ ఏడ్చారు. అప్పటికి గాని నా బుర్రకెక్కలేదు. రంగస్థల దర్శకులు, నాటక శాఖాచార్యులు, నా గురువర్యులు శ్రీ డీటర్ క్రోన్‌బాక్ గారు డెబ్బై ఎనిమిదో ఏట ఏలూరులో దివంగతులయ్యారు.

మర్నాడు పేపర్లో ‘నాటక కళాభిమాని అయిన విదేశీయుడి మృతి’ అని నాలుగు వాక్యాలు వేశారు. అభిమాని అట! నాకు ఒళ్లు మండింది. అభిమాని అంటే ముందు వరసలో కూర్చుని చప్పట్లు కొట్టేవాడు. ఈయన మాకు వేదిక మీద నిలబడటం, నడవటం, నోరు మూసుకోవటం నేర్పిన ఆచార్యుడు. పైగా ఆయన ఇరవయ్యేళ్లుగా ఒక నాటకాన్ని తాడేపల్లిగూడెంలో మళ్లీ ఆడించాలని తపించి, ఆడించకుండానే వెళ్లిపోయారు. పేపరువాళ్లకు ఆ సంగతి తెలియదు. తెలిసినవాణ్ని నేను కనక నేనే రాయాలి.

జర్మనీలో ఒక చిన్న పట్నం నాటకశాలకు దర్శకులుగా ఉంటూ, మన పద్యనాటకం చూద్దామని ఒక శీతాకాలం ఇటు వచ్చారట. చూసి, వెళ్లి, అక్కడి ఉద్యోగానికి రాజీనామా ఇచ్చి తిరిగొచ్చారు. మా కళాశాల నాటక శాఖలో చేరారు. శాఖ అంటే ఘనంగా ఊహించుకోకండి. బ్యాడ్మింటన్ కోర్టు పక్కన ఒక గది, అందులో తిరగని ఫ్యాను. రంగస్థలానికి లైట్లు ఇప్పించమని ఆయన ఏటా అర్జీ పెట్టేవారు. పరిశీలనలో ఉందని ఏటా జవాబు వచ్చేది. పదవీ విరమణ నాడు శాలువా కప్పి, వక్తలందరూ ఆయన్ను ఆకాశానికెత్తారు. చివర ఆయన లేచి, "లైట్లు ఇంకా పరిశీలనలోనే ఉన్నాయాండీ?" అని అడిగి కూర్చున్నారు. ఆయన వీడ్కోలు ఉపన్యాసం అంతే.

నేను ఆయన కంట పడింది మా నాన్న దర్జీ కొట్లో. నాన్న నాటకాల దుస్తులు కుట్టేవారు. మేష్టారొకసారి రాజు అంగీ పట్టుకొచ్చి, దీనికి లోపల ఇంకో రెండు పొరలు వేయమన్నారు. ఎండాకాలం, వేసుకున్నవాడు చెమటకి చస్తాడండీ అని నాన్న మొత్తుకున్నారు. రాజ్యం బరువు నటించక్కర్లేదండీ, అంగీయే మోయిస్తుంది అని మేష్టారి జవాబు. నేను గుండీలు కుడుతూ ఏదో పద్యం రాగం తీస్తున్నాను. ముస్లిం కుర్రాడు పద్యం పాడితే అప్పట్లో విన్నవాళ్లు ముక్కున వేలేసుకునేవారు. ఆయన మాత్రం అదేం పట్టించుకోకుండా, "రహీం గారూ, మీరు ఊపిరి తప్పుచోట తీస్తున్నారండీ" అన్నారు. నన్ను మొదటిసారి గారు అన్నది ఆయనే. శిష్యులందరినీ మీరనే పిలిచేవారు. కోపమొస్తే ‘అండీ’ ఇంకొకటి ఎక్కువ పడేది.

ఆయన పాఠాలు గదిలో సాగేవి కావు. ఒక ఆదివారం మమ్మల్ని కొల్లేరు వైపు చేపల చెరువుకు తీసుకెళ్లి, వల లాగే కూలీలతో పాటు మోకాలి లోతు బురదలో దింపారు. పదిమంది ఒక్క ఒడుపున కదలడం అక్కడ చూసి నేర్చుకోవాలట. తానూ దిగారు. కాసేపటికి మేస్త్రీ వచ్చి, మీరు గట్టు మీద ఉండండి బాబూ, మీరు లాగే వైపే చేపలు పోతున్నాయండి అని దణ్ణం పెట్టాడు. మేష్టారు బుద్ధిగా గట్టెక్కారు. ఆ తర్వాత ఎవరైనా దర్శకుడి పనేమిటని అడిగితే, "గట్టు మీద ఉండటమండీ, చేపలు పోకుండా" అనేవారు.

ఇక అసలు కథకొస్తాను. పద్యనాటకం చూసినవారికి వన్స్ మోర్ గురించి చెప్పక్కర్లేదు. పద్యం నచ్చితే జనం వన్స్ మోర్ అని కేకేస్తారు, నటుడు కథ అక్కడే ఆపి ఆ పద్యం మళ్లీ పాడతాడు. చచ్చిపడ్డవాడు సైతం లేచి పాడిన సందర్భాలున్నాయి. మేష్టారికి ఇది గిట్టేది కాదు. కథ గొంతు నులిమినట్టే అనేవారు. తాను కూర్చిన నాటకంలో అన్న పాత్ర నాకిచ్చి, యుద్ధంలో పోయిన తమ్ముడి దగ్గర పాడే పద్యం ఎవరెంత అడిగినా రెండోసారి పాడకూడదని నాచేత ఒట్టు వేయించుకున్నారు.

తాడేపల్లిగూడెంలో ప్రదర్శన. పద్యం పూర్తవగానే మధ్య వరసలోంచి పంచెకట్టు రైతొకాయన లేచి, వన్స్ మోర్ అండీ అన్నారు. నేను పాడలేదు. ఆయన మళ్లీ అడిగారు. ఈసారి హాలంతా అందుకుంది. నేను స్తంభంలా నిలబడ్డాను. మా హార్మోనిస్టు శ్రుతి పట్టి నా వంక చూస్తున్నాడు, మేష్టారు పక్క తెర దగ్గర వద్దని తల ఊపుతున్నారు. కాసేపు చూసి జనం లేచిపోవడం మొదలుపెట్టారు. నాటకం సగం ఖాళీ అయిన హాలు ముందు ముగిసింది.

ఆ రైతు మాత్రం చివరిదాకా కూర్చుని లోపలికొచ్చారు. పెంటపాడు సత్యనారాయణ గారు. తగువుకే వచ్చారనుకున్నాను. ఆయన మేష్టారికి నమస్కారం పెట్టి, మెల్లగా చెప్పారు.

"ఏవండీ, పాట బాగుందని అడగలేదండి నేను. మా తమ్ముడు పోయినేడు పోయాడండి. ఆ పద్యం కాడ ఇంకాసేపు ఉందామనుకున్నానండి. మీరు పోనిచ్చేశారు."

మర్నాడు మేష్టారు రిహార్సల్‌కొచ్చి, నేను ఈ దేశంలో తెలుసుకోవలసిన మొదటి సంగతే తెలుసుకోకుండా పాఠాలు చెప్పాను అని అందరి ముందూ ఒప్పుకున్నారు. ఆ నాటకాన్ని మళ్లీ ఆ ఊళ్లోనే ఆడాలి, ఆ రైతు ముందు వరసలో కూర్చోవాలి, అడిగినన్నిసార్లు పద్యం పాడాలి. అదీ ఆయన పెట్టుకున్న పని. అయితే ఆ పని ఊరికే చేస్తే ఆయన మేష్టారెలా అవుతారు? పద్యం రెండోసారి పాడితే రెండో కారణం ఉండాలన్నారు. మొదటిసారి తమ్ముడి కోసం, రెండోసారి ఎవరి కోసం, మూడోసారి దేనికి? నేను పాడటం, ఆయన "మొదటిదే మళ్లీ పాడారండీ అండీ" అనడం. మూడుసార్లు తేదీ ఖాయం చేసి, మూడుసార్లూ ఆయనే రద్దు చేశారు. హాలు మాట్లాడినవాణ్ని నేను, మాట పడినవాణ్నీ నేను. చచ్చిపోయినవారి మీద కోపం తగదంటారు. నాకుంది. అంత పట్టుదల మనిషికి పనికిరాదు.

మొన్న ఫిబ్రవరిలో మేష్టారే మా ఇంటికొచ్చారు. మెట్లెక్కి ఆయాసపడుతూ కూర్చుని, "రహీం గారూ, నేను సిద్ధమండీ. వచ్చే నెల ఆడదాం" అన్నారు. పదో తరగతి పరీక్షలున్నాయి, వేసవి సెలవుల్లో చూద్దామండీ అన్నాను. పరీక్షలు వంక. మళ్లీ ఆయనతో కాదనిపించుకునే ఓపిక నాకు లేదు, అదీ నిజం. ఆయన సరేనండీ అని టీ తాగి, మెట్లు దిగి వెళ్లిపోయారు.

ఆదివారం సంతాప సభ జరిగింది. ఫ్లెక్సీ మీద ఆయన పేరులో రెండక్షరాలు ఎగిరిపోయాయి. వక్తలు తీరని లోటన్నారు. ఆ మాట అరిగిపోయిన మాటే గాని, ఈసారి నిజం. పద్యం ఎందుకు పాడుతున్నావని నటుణ్ని నిలదీసే మనిషి ఈ జిల్లాలో ఇంకొకరు లేరు, రారు.

సభ అయ్యాక వెనక కుర్చీలోంచి చేతికర్రతో ఒక పెద్దాయన లేచి నా దగ్గరికొచ్చారు. సత్యనారాయణ గారు. మేష్టారు ఏటా పంట కోతలయ్యాక పెంటపాడు వెళ్లి ఆయన్ను కలిసేవారట. నాకిది తెలియదు. నెల క్రితం కూడా వెళ్లారట.

"ఈ ఏడూ ఆలస్యమవుద్దన్నారండి. నేనింకా సిద్ధం కాలేదండీ, తప్పు నాదేనండీ అన్నారు. అంత పెద్ద మేష్టారు, పాపం, అదేం నేర్చుకోవడమోనండి."

ఆయన చెయ్యి పట్టుకున్నాను. ఆలస్యం మేష్టారిది కాదండీ, ఆయన సిద్ధంగానే ఉన్నారు, నేనే వంక చెప్పి వాయిదా వేశాను అని చెప్పాను. ఆయన అడిగారు.

"ఈ ముక్క ఆయనతో అన్నారాండీ?"

లేదన్నాను.

మేష్టారూ, నమస్కారం. తప్పు మీది కాదు, నాది.