దేశాల పట్టాలు కలపబోయిన పెదనాన్న

పెదనాన్న పోయారని బాపట్లలో ఉన్న నాకు కిందటి నెల ఒక మధ్యాహ్నం కబురందింది. నిద్రలోనే పోయారట. ఏడుపుతోపాటు ఊరట కూడా కలిగింది, దాచుకోను. ఆయాసంతో మంచం పట్టి ఆయన పడ్డ అవస్థ కళ్లారా చూసినదాన్ని.

ఆయన రైల్వే ప్లానింగు ఆఫీసులో నక్షాలు గీసేవారు. ఇరుగుపొరుగు దేశాల రైలు మార్గాల్ని మనవాటితో కలపాలని అరవైల్లో ఒక ఆలోచన నడిచింది. ఆ పనిలో పడ్డాక సెలవులకి తెనాలి వచ్చినా వసారా నిండా కాగితాలే. వాటిమీద వడియాలు పెట్టుకోవచ్చని పెద్దమ్మ ఎగతాళి చేసేది. ఇద్దరు వియ్యంకుల్ని కలపలేని మనిషి దేశాల్ని కలుపుతారట అని కూడా అనేది.

నిజాంపట్నం నుంచి ఎండుచేపలు తెచ్చే మామ్మ ఒకసారి, తన గంప రంగూను దాకా రైల్లో పోతుందా అని అడిగింది. ఆయన నవ్వలేదు. అక్కడి పట్టాలు మనవాటికంటే ఇరుకనీ, సరిహద్దులో దిగి వేరే బండి ఎక్కాలనీ వివరంగా చెప్పారు.

"బండి ఆగితే ఆగిందమ్మా. దిగినవాళ్లని వదిలేసి అవతలి బండి పోకూడదు. నా తాపత్రయమంతా దానికే" అన్నారు.

తర్వాత యుద్ధాలొచ్చాయి, ప్లాను అటకెక్కింది. రిటైరై తెనాలి వచ్చేశాక ఆయన దాని ఊసెత్తలేదు. అన్నేళ్ల కష్టం వృథా అయిందని లోలోపల కుమిలిపోతున్నారేమోనని మాకందరికీ బెంగ. అడిగే ధైర్యం ఎవరికీ లేదు.

డెబ్బైల్లో ఒక వానాకాలం మా పాపకి జ్వరం పట్టుకుని వదల్లేదు. రేపల్లెలో మా పుట్టింటి పక్క డాక్టరుగారి హస్తవాసి మీద నాకు గురి. పాపని ఎత్తుకుని బయల్దేరితే మా బండి ఆలస్యమైంది. తెనాలిలో దిగేసరికి రేపల్లె ప్యాసింజరు అవతలి ప్లాట్‌ఫారం మీద కూత వేసింది. అది పోతే సాయంత్రం దాకా మరొకటి లేదు.

వంతెన మీంచి చూస్తే గార్డు పక్కన పెదనాన్న. వస్తున్నానని ముందే కబురు పెట్టడంతో నాకోసం క్యారియర్లో అన్నం తెచ్చారు. ఆయన గార్డుతో వాదించలేదు, వంతెన వైపు చెయ్యి చూపించారు. గార్డు పచ్చజెండా చంకలో పెట్టుకుని నిలబడ్డాడు. నాతోపాటు గంపలవాళ్లూ ముసలివాళ్లూ అందరూ ఎక్కారు.

కిటికీలోంచి క్యారియర్ అందిస్తూ ఆయన నెమ్మదిగా అన్నారు.

"నేను గీసింది ఇదేనే అమ్మాయ్. ఇవాళ జరగ్గా చూశాను. ఇంక చాలు."

పాప జ్వరం రెండ్రోజుల్లో తగ్గింది. మా బెంగ మాత్రం ఆ కిటికీ దగ్గరే తీరిపోయింది.

పెద్దకర్మ అయ్యాక పెద్దమ్మని కొన్నాళ్లు రేపల్లెలో ఉంచుదామని మొన్న స్టేషనుకి తీసుకొచ్చాం. మోకాళ్ల నొప్పులతో ఆవిడ వంతెన మీద మెట్టు మెట్టుకీ ఆగుతోంది. ప్యాసింజరు కదలాల్సిన వేళ దాటిపోయింది. కింద గార్డు పచ్చజెండా చంకలో పెట్టుకుని, తలెత్తి మా వైపే చూస్తున్నాడు.