శానా చిక్కినావే

మా వైపు ఊళ్ళలో మనిషి ఎదురుపడితే బాగున్నావా అని ఎవరూ అడగరు. పైనుంచి కిందికి ఒకసారి చూసి తీర్పు చెప్పేస్తారు. తీర్పులు రెండే. "ఒళ్ళు చేసినావే" అంటే మెచ్చుకోలు. "చిక్కినావే" అంటే పరామర్శ. మొదటిది విన్నవాళ్ళు సిగ్గుపడి నవ్వుతారు, రెండోది విన్నవాళ్ళు అద్దం ముందుకు పోయి చెంపలు తడుముకుంటారు. ఈ రెండు మాటల మధ్య పడి మా అన్న నలిగిపోయాడు. ఆ సంగతి కోపం లేకుండా చెప్పడం నాకు చేతకాదు, కాబట్టి కోపంతోనే చెబుతాను.

అన్నకు ప్రొద్దుటూరులో బట్టల అంగడి. నన్ను జమ్మలమడుగులో ఇచ్చారు గనుక నెలకోసారైనా బస్సెక్కి పోయి చూసేదాన్ని. పోయినప్పుడల్లా మనిషి కాస్త పెరిగి ఉండేవాడు. పొద్దున్నే నెయ్యి కారే కారం దోశ, అంగడి తెరిచిన కాసేపటికే పొట్లంలో బజ్జీలు, మధ్యాహ్నం భోజనం, ఆ భోజనం అరగడానికి అంగడి వెనక పరుపు మీద కునుకు. లేచేటప్పుడు చెయ్యి పట్టుకుని లేపడానికి పనివాడు ఉండనే ఉన్నాడు. పొట్ట ముందుకొచ్చే కొద్దీ అంగడికి కళ వచ్చిందని బజారంతా అన్నది. బక్కపలచని యజమాని దగ్గర చీర కొంటే రంగు వెలిసిపోతుందేమో మరి, ఆ శాస్త్రం నాకు తెలియదు.

నలభై దాటగానే షుగరు, బీపీ ఒకేసారి బయటపడ్డాయి. రాత్రుళ్ళు గురక పెట్టి పెట్టి మధ్యలో ఊపిరి ఆగినట్లు ఉలిక్కిపడి లేస్తున్నాడని వదిన చెబితే, నేనే దగ్గరుండి డాక్టరు దగ్గరికి తీసుకుపోయాను. ఆయన దాపరికం లేకుండా చెప్పాడు. మందులు చేసే పని సగమే, మిగతా సగం నీ నడుము చుట్టూ పేరుకుని ఉంది, అది కరిగితే షుగరూ బీపీ రెండూ దిగొస్తాయి, కరగకపోతే కళ్ళు, కిడ్నీలు, కాళ్ళు వరసపెట్టి పోతాయి అన్నాడు. అన్నం తగ్గించి రాగులు, జొన్నలు తినమన్నాడు. వదిన అంతా విని, తనకు పనికొచ్చే ముక్క ఒక్కటి పట్టుకుంది. రాగి సంగటి షుగరుకు మందు.

ఇక చూడాలి ఆ వైద్యం. మనిషి తలకాయంత సంగటి ముద్ద, మధ్యలో గుంట, గుంట నిండా నెయ్యి, పక్కన మాంసం పులుసు. సంగటిలో బియ్యం కూడా పడతాయని, పిండి కంటే బియ్యమే ముందు ఉడుకుతాయని తెలియనట్లే ఉండేది ఆమె. అది అయ్యాక పెరుగన్నం, ఎందుకంటే అన్నం మెతుకు తగలకపోతే భోజనం చేసినట్లు కాదట. ఇదేం మందు వదినా అని అడిగితే, "మందు ఎంత తింటే అంత మంచిది కదమే" అన్నది. నేనూ ఒక ముద్ద తిన్నాను. నేనేమీ సన్నం కాదు లెండి.

చివరికి అన్నకే రోషం వచ్చింది. ఒకరోజు అంగడిలో చెప్పులు వేసుకోబోతే వంగలేకపోయాడట. చీరలు చూడడానికి వచ్చిన ముసలామె, పాపం అనుకుని, తన కాలితో చెప్పు ముందుకు జరిపిందట. అది మనసులో గుచ్చుకుంది. మరుసటి దినం నుంచి పెన్న గట్టు మీద నడక మొదలుపెట్టాడు. ముద్ద పిడికెడైంది, బజ్జీల పొట్లం ఆగిపోయింది. వదిన ఏడ్చింది, అలిగింది, తానూ పస్తుంటానన్నది. అతను కదల్లేదు. ఏడాది తిరిగేసరికి చొక్కాలు వదులయ్యాయి, గురక పోయింది, డాక్టరు మాత్రలు తగ్గించాడు. నేను పోయినప్పుడు బెల్టు విప్పి చూపించాడు, మేకుతో తానే కొట్టుకున్న కొత్త బొక్కను. పెళ్ళినాడు కూడా అంత గర్వంగా లేడు మా అన్న.

ఆ గర్వం పులివెందుల దాకా నిలిచింది. అక్కడ మా అమ్మ తమ్ముడు, మా మేనమామ, కూతురి పెళ్ళి చేశాడు. పెళ్ళైన మరుసటి రోజు మాంసం విందు. అన్న పందిట్లో అడుగు పెట్టగానే మామ వడ్డన ఆపించి మరీ చూశాడు.

"ఏంది రా, శానా చిక్కినావే. ఏమన్నా రోగమా?"

షుగరు తగ్గాలని తానే తగ్గానని అన్న చెప్పాడు. ఎవరు వింటారు? కావాలని చిక్కేవాడు ఉంటాడని మా వాళ్ళ ఊహకు అందదు. ఒకామె నోరు నొక్కుకుంది. ఒకాయన పక్కకు తీసుకుపోయి రక్తపరీక్ష చేయించినావా అని గుసగుసలాడాడు. భోజనాలు అయ్యేలోగా అన్నకు పేరు చెప్పకూడని పెద్ద రోగం ఏదో ఉన్నట్లు తేలిపోయింది. ఆడవాళ్ళ వైపు వదినకు ఇంకో తీర్పు పడింది, మొగునికి కడుపునిండా పెట్టని ఆడదని. జీవితమంతా పెట్టడం తప్ప ఇంకేమీ చేయని మనిషికి ఆ మాట! తిరిగొచ్చేటప్పుడు బస్సులో కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. ఆ పూట మాత్రం ఆమెను చూస్తే నాకు నిజంగా జాలేసింది.

మామ సంగతి కూడా చెప్పాలి. ఆయనకు అన్న కంటే ముందు నుంచీ షుగరు. గది తలుపు మూసుకుని పొట్టలో సూది పొడుచుకుని, బయటకొచ్చి బెల్లం పూర్ణం పెట్టిన ఓలిగల మీద నెయ్యి పోయించుకుంటాడు. సూది వేసుకున్నాక ఇంక అడ్డేముంది అంటాడు. గురివింద గింజకు తన నలుపు తెలియదంటారు, మా మామకు తెలుసు. తెలిసే తలుపు మూసుకుంటాడు.

ఊరికి తిరిగొచ్చాక అన్న మూడు నాలుగు నెలలు తట్టుకున్నాడు. అంగడికి వచ్చిన ప్రతివాడూ ముందు రోగం అడిగి, తర్వాతే గుడ్డ అడిగేవాడు. ఒకరోజు నేను వెళ్ళేసరికి పొట్లం విప్పి ముందర పెట్టుకుని బజ్జీలు తింటున్నాడు. ఏంటన్నా ఇది అంటే తల ఎత్తకుండా చెప్పాడు.

"జవాబు చెప్పీ చెప్పీ అలిసిపోయినా మే. లావుగా ఉంటే ఎవరూ ఏమీ అడగరు."

పోయినదంతా తిరిగొచ్చింది, కొంచెం వడ్డీతో సహా. బెల్టు పాత బొక్కకు వచ్చింది, తర్వాత బెల్టే పోయింది. వదిన ముఖం వికసించింది. మళ్ళీ మనిషిలా ఉన్నాడని బజారు దీవించింది. మాత్రలు రెట్టింపైన సంగతి ఎవరికీ పట్టలేదు, మాత్రలు పైకి కనబడవు కదా.

తర్వాతి ఎండాకాలం మామ కొడుకు బిడ్డ పుట్టువెంట్రుకలకు అందరం గుడికి పోయాం. ఆవరణంతా మా వైపు దొరికే నల్లబండలే పరిచి ఉన్నాయి. మిట్టమధ్యాహ్నం, చెప్పుల్లేని కాళ్ళు. జనమంతా గంతులేస్తూ నీడకు పరుగెత్తుతుంటే, అన్న ఒక్కడే నింపాదిగా, గోపురం మీద చూపు నిలిపి ప్రదక్షిణ చేశాడు. మామ పొంగిపోయాడు.

"చూడండప్పా, ఎట్ల నడుస్తాండాడో. తిన్న ఒళ్ళంటే అది."

నాకూ అప్పుడు తట్టలేదు, నిజం చెప్పొద్దూ, భక్తి అనుకున్నాను. అరికాళ్ళకు స్పర్శ పోయిందని, కాలుతున్నా అతనికి తెలియలేదని, మరుసటి రోజు బొబ్బ చితికి దుప్పటికి అంటిన తడి చూసి వదిన కేక పెట్టే దాకా ఎవరికీ తెలియదు. బొబ్బ పుండైంది. పుండుకు పసుపు పెట్టారు, ఆకు పసరు పెట్టారు, దిష్టి తీశారు. డాక్టరు దగ్గరికి చేరేసరికి పాదం నల్లబడింది. అక్కడినుంచి పెద్ద ఊరికి పంపారు. మోకాలి కింద నుంచి కాలు తీసేశారు.

ఇంటికొచ్చిన వారానికి మామ చూడటానికి వచ్చాడు. చేతిలో స్టీలు డబ్బా, డబ్బాలో ఓలిగలు. అన్న మంచం మీద దిండుకు ఆనుకుని ఉన్నాడు. ఆసుపత్రి తిండికి ముఖం పీక్కుపోయింది. మామ అలవాటు ప్రకారం పైనుంచి కిందికి చూశాడు. ఆ చూపు మోకాలి దగ్గర ఆగింది, ఇంక కిందికి పోవడానికి ఏమీ లేదు. వేరే మాట రాక, వచ్చిన మాటే అన్నాడు.

"శానా చిక్కినావప్పా."

"అవ్ మామా," అన్నాడు అన్న. "ఈసారి ఒక కాలంత చిక్కినా."

మామ కుర్చీలో కూలబడ్డాడు. వదిన లేచి డబ్బా తీసుకుంది. వడ్డిస్తుందనే అనుకున్నాను. ఆ ఇంటికి వచ్చిన తిండి ఏదీ ఆమె ఇంతవరకు తిప్పి పంపలేదు. మూత గట్టిగా నొక్కి, మామ సంచిలోనే తిరిగి పెట్టింది.

"మీరే తినండి చిన్నాయనా. మీకు సూది ఉంది కదా," అని వంటింట్లోకి పోయింది.