చెయ్యి జారని మనిషి

ఆ వీధి సెలూన్ పెద్దాయన ముప్పై ఏళ్లుగా గడ్డాలు గీస్తున్నాడు. ఏనాడూ ఎవరికీ గాటు పడింది లేదు. అలాంటిది ఒక ఉదయం గడ్డం గీస్తూ గట్టిగా తుమ్మాడు, పక్క దుకాణం బట్టల వ్యాపారి చెవి తమ్మె తెగింది. ముందు రోజే ఇద్దరూ మాటా మాటా అనుకున్నారు గనక, కావాలనే కోశాడని వ్యాపారి కేసు పెట్టాడు.

"తుమ్మొచ్చి చెయ్యి జారిందని చెప్పు చాలు. ఉద్దేశం లేకపోతే నేరం లేదు," అన్నాడు లాయరు. పెద్దాయన బుద్ధిగా తలూపాడు.

తీరా కోర్టుకెళ్తే బెంచీల నిండా ఆయన ఖాతాదారులే. వాళ్ల మధ్యలో పక్క వీధిలో కొత్తగా సెలూన్ పెట్టినవాడు చెవులు రిక్కించి కూర్చున్నాడు.

"చెయ్యి జారిందా?" అని జడ్జి అడిగాడు.

పెద్దాయన అందరినీ ఒకసారి కలయజూశాడు.

"నా చెయ్యి జారదండీ."

"అయితే కావాలనే కోశావా?"

"అవునండీ. ఎంత కోయాలనుకున్నానో అంతే కోశాను."

లాయరు తల పట్టుకున్నాడు. జడ్జి నెల రోజులు జైలు వేశాడు.

తిరిగొచ్చి దుకాణం తెరిస్తే జనం ఎప్పటిలాగే వచ్చారు. కాకపోతే, కుర్చీలో కూర్చున్నాక ఆయన ఏమన్నా అవునంటున్నారు.